ఆ ఫైలు ఎవరిది?

కొత్త సిస్టమ్‌లో పాత ప్రోగ్రామ్ తెరవగానే ఎర్ర గుర్తుతో ఒక చిన్న పెట్టె వస్తుంది. ఎంఎస్‌వీసీపీ140.డీఎల్‌ఎల్ కనబడలేదు కాబట్టి ముందుకు వెళ్లలేను, ప్రోగ్రామ్‌ను మళ్లీ ఇన్‌స్టాల్ చేస్తే బాగుపడొచ్చు అన్నది దాని సారాంశం. అందులో ఉన్నది రెండు ముక్కలే. మనవాళ్లు మొదటి ముక్కే చదువుతారు. ఆ ఫైలు పేరు గూగుల్‌లో కొడతారు, పైన వచ్చిన ఏదో సైటులో పచ్చ బటన్ నొక్కుతారు, దిగిన ఫైలును విండోస్ సొంత ఫైళ్లుండే సిస్టమ్32 ఫోల్డర్‌లో పడేస్తారు. ఒక్కోసారి ఎర్రర్ పోతుంది కూడా. అదే పెద్ద చిక్కు, ఎందుకంటే ఇదే సరైన వైద్యం అని నమ్మకం కుదిరిపోతుంది. ఫైలు ఎక్కడ దొరుకుతుందా అని వెతకడం మానేసి, అసలు ఆ ఫైలు ఎవరిది అని అడగడం మొదలుపెడితే ఇలాంటి ఎర్రర్లలో చాలా భాగం పది నిమిషాల పని. నేను చెప్పదలచుకున్నది అదే.

డీఎల్‌ఎల్ అంటే పలు ప్రోగ్రాములు ఉమ్మడిగా వాడుకునే కోడ్ ఉన్న ఫైలు. ఊళ్లో పెళ్లి చేసే ప్రతి ఇల్లూ గంగాళాలు, గుండిగలు కొనిపెట్టుకోదు, సప్లయర్స్ కొట్టు నుంచి తెచ్చుకుంటుంది. అలాగే ఫైలు తెరవడం, మెమరీ అడగడం, తెర మీద బటన్ గీయడం లాంటి పనులను ప్రతి ప్రోగ్రామూ సొంతంగా మోసుకు తిరగదు. 1985లో వచ్చిన మొదటి విండోస్ 256 కిలోబైట్ల మెమరీలో నడవాల్సి వచ్చింది. అంత ఇరుకులో ఎవరి కాపీ వాళ్లు తెచ్చుకుంటే రెండో ప్రోగ్రాముకు చోటే మిగలదు. అందుకే విండోస్ పుట్టుక నుంచీ ఈ ఉమ్మడి పద్ధతి ఉంది. ఇప్పుడు పదహారు జీబీ ర్యామ్ ఉన్నా అది పోలేదు. పోకపోవడానికి మెమరీని మించిన కారణం ఉంది, కాసేపట్లో వస్తాను.

ప్రోగ్రామ్ ఫైలు లోపల తనకు కావలసిన డీఎల్‌ఎల్‌ల పేర్ల పట్టీ ఒకటి ఉంటుంది. నడపమనగానే విండోస్ ఆ పట్టీ పట్టుకుని వెతుకుతుంది. ముఖ్యమైన సిస్టమ్ ఫైళ్ల సంగతి వేరే, వాటికి ముందే ఖాయమైన చోటు ఉంది. మిగతావాటి కోసం ముందు ఆ ప్రోగ్రామ్ ఉన్న ఫోల్డర్, తర్వాత సిస్టమ్ ఫోల్డర్లు, విండోస్ ఫోల్డర్, చివర్లో పాత్ అనే వరుసలో రాసి ఉన్న ఫోల్డర్లు చూస్తుంది. ఎక్కడా లేకపోతే ఆ పెట్టె వస్తుంది. గమనించాల్సింది ఏమిటంటే, మామూలుగా ఆ పట్టీలో ఉండేవి పేర్లే. ఎవరు తయారు చేసింది, ఏ ప్యాకేజీలో వస్తుంది అన్న వివరం అందులో ఉండదు. కాబట్టి విండోస్ కూడా మనకు పేరే చెబుతుంది. ఇంతకాలంగా ఇంతమందిని సతాయిస్తున్న ఆ పెట్టెలో మైక్రోసాఫ్ట్ వాళ్లు తమ సొంత ఫైళ్లకైనా ‘ఇది ఫలానా ప్యాకేజీలోది’ అని ఒక్క లైను రాయొచ్చు. ఎందుకు రాయరో నాకు అర్థం కాదు.

పేరు చూసి సొంతదారును పట్టుకోవడం మాత్రం అంత కష్టం కాదు. ఎంఎస్‌వీసీపీ, ఎంఎస్‌వీసీఆర్, వీసీరన్‌టైమ్ అని మొదలైతే అది విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అనే ప్యాకేజీ సొత్తు. చివరి అంకె వెర్షన్. 100 ఉంటే 2010 ప్యాకేజీ, 110 ఉంటే 2012, 120 ఉంటే 2013. పదమూడో నంబరును వాళ్లు వదిలేశారు కాబట్టి 130 ఉండదు. 140 అంటే 2015 నుంచి తర్వాత వచ్చినవన్నీ ఒకే కుటుంబం, కొత్తది వేస్తే పాతదానికీ సరిపోతుంది. అంతకు ముందువి మాత్రం దేనికది వేరు. 2013 ప్యాకేజీ ఉంది కదా అని 2010ది తీసేస్తే 100 అడిగే ప్రోగ్రామ్ ఆగిపోతుంది. ప్రోగ్రామ్స్ లిస్టులో ఒకే పేరుతో పది ఎంట్రీలు కనబడుతున్నాయని ‘క్లీనింగ్’ చేసేవాళ్లు చేసే నష్టం ఇదే. డీ3డీఎక్స్9 అని మొదలై చివర 43 లాంటి అంకె ఉంటే అది గేముల బొమ్మలకు, ధ్వనికి విండోస్ వాడే డైరెక్ట్ఎక్స్‌లో పాత భాగం. విండోస్ 10, 11లో డైరెక్ట్ఎక్స్ 12 ఉన్నా ఈ పాత ముక్కలు దాంతో రావు. మైక్రోసాఫ్ట్ ఇచ్చే 2010 జూన్ రన్‌టైమ్ (ప్రోగ్రాములు నడవడానికి కావలసిన ఫైళ్ల ప్యాకేజీ) వేసుకోవాలి. పాత గేములకు ఎక్స్‌ఇన్‌పుట్1_3 లేదని వచ్చే ఎర్రర్‌కూ అదే మందు.

బీటెక్ పిల్లల ప్రాజెక్టుల దగ్గర ఇంకో రకం కనబడుతుంది. వీసీరన్‌టైమ్140డీ అని పేరు చివర ‘డీ’ తగిలించి ఎర్రర్ వచ్చిందంటే, ప్రోగ్రామ్ రాసినవాళ్లు తప్పులు వెతుక్కోవడానికి తాము వాడుకునే డీబగ్ బిల్డ్‌ను అలాగే పంపేశారని అర్థం. ఆ డీబగ్ ఫైళ్లు ప్రోగ్రాములు రాయడానికి వాడే విజువల్ స్టూడియో ఉన్న సిస్టమ్‌లోనే ఉంటాయి, బయటివాళ్లకు పంచడానికి లైసెన్సు కూడా ఒప్పుకోదు. వాడేవాళ్లు ఏ ప్యాకేజీ వేసినా ఉపయోగం లేదు. పంపినవాళ్లకే ఫోన్ చేసి, బయటివాళ్లకు ఇవ్వడానికి కట్టే రిలీజ్ బిల్డ్ అడగాలి. లిబ్‌ఎస్‌టీడీసీ++ అనో లిబ్‌జీసీసీ అనో మొదలయ్యే ఫైలు లేదని వస్తే అది కోడ్ బ్లాక్స్ లాంటి వాటితో వచ్చే మింగ్‌డబ్ల్యూ కంపైలర్‌లోనిది (కంపైలర్ అంటే రాసిన కోడ్‌ను నడిచే ప్రోగ్రామ్‌గా మార్చేది). అక్కడా బాధ్యత పంపినవాళ్లదే.

ఈ మధ్య తెనాలి వైపు ఎరువుల కొట్టు నడిపే మా బావ ఫోన్ చేశాడు. కొత్త సీపీయూ తీసుకున్నారు. పాతదాంట్లో ఉన్న బిల్లింగ్ ఫోల్డర్‌ను పెన్‌డ్రైవ్‌లో ఎక్కించి కొత్తదాని డీ డ్రైవ్‌లో పేస్ట్ చేశారు.

“బావా, ఏదో ఓసీఎక్స్ లేదంటే సిస్టమ్ అమ్మిన కుర్రాడు నెట్‌లోంచి దింపి పెట్టాడు. అయినా అదే పెట్టె వస్తోంది. రేపు లోడు దిగుతుంది, బిల్లులు కొట్టకపోతే ఎలా?”

“ఎక్కడ పెట్టాడు?”

“సిస్టమ్32 అన్నాడు.”

దూరం నుంచే వాళ్ల తెర చూపించే ఎనీడెస్క్‌లో చూశాను. విజువల్ బేసిక్ 6లో రాసిన బిల్లింగ్ అది. 1998లో వచ్చిన ఆ భాష మీద మన చిన్న ఊళ్లలో ఇప్పటికీ ఎన్ని కొట్లు నడుస్తున్నాయో చూస్తే ఆశ్చర్యం వేస్తుంది. మెచ్చుకోవాల్సిన సంగతి ఏమిటంటే దాని ముఖ్య రన్‌టైమ్ ఎంఎస్‌వీబీవీఎం60ని మైక్రోసాఫ్ట్ విండోస్ 11లో కూడా ఉంచింది. కానీ లిస్టులు, ట్యాబ్‌లు, టూల్‌బార్లు గీసే ఎంఎస్‌కామ్‌సీటీఎల్.ఓసీఎక్స్ విండోస్‌తో రాదు, సాఫ్ట్‌వేర్ అమ్మినవాళ్లు తమ సెటప్‌లో ఇవ్వాలి. ఓసీఎక్స్ అన్నా లోపల డీఎల్‌ఎల్ రకమే, పైగా దాన్ని విండోస్ తన సెట్టింగులు దాచుకునే రిజిస్ట్రీలో నమోదు కూడా చేయాలి. ఫోల్డర్ కాపీ చేస్తే ఈ రెండూ జరగవు.

ఇక సిస్టమ్32 సంగతి. విండోస్ ప్రోగ్రాముల్లో పాత 32 బిట్ రకం, కొత్త 64 బిట్ రకం అని రెండున్నాయి. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64 ఫోల్డర్‌లో ఉండేవి 32 బిట్ ఫైళ్లు. పేర్లు తలకిందులుగా ఉన్నాయని మీకు అనిపిస్తే తప్పు మీది కాదు. పాత ప్రోగ్రాముల్లో సిస్టమ్32 అన్న పేరు నేరుగా రాసేసి ఉండటంతో, 64 బిట్‌కు మారేటప్పుడు అవి చెడిపోకుండా ఆ పేరును అలాగే ఉంచారు. 32 బిట్ ప్రోగ్రామ్ సిస్టమ్32లోకి తొంగి చూస్తే విండోస్ దాన్ని చెప్పకుండానే సిస్‌వావ్64 వైపు మళ్లిస్తుంది. బావ బిల్లింగ్ 32 బిట్‌ది. కుర్రాడు పెట్టిన ఫైలు మన కళ్లకు సిస్టమ్32లో చక్కగా కనబడుతోంది, ప్రోగ్రామ్‌కు మాత్రం అది లేనట్టే.

దింపిన ఫైలు మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్ చూస్తే డిజిటల్ సిగ్నేచర్స్ అన్న ట్యాబే లేదు. అసలు ఓసీఎక్స్ మీద మైక్రోసాఫ్ట్ సంతకం ఉంటుంది. (ఒక మాట: విండోస్ సొంత ఫైళ్లలో కొన్నింటికి సంతకం వేరే క్యాటలాగ్ ఫైలులో ఉంటుంది కాబట్టి ట్యాబ్ లేనంత మాత్రాన ప్రతిదీ దొంగ ఫైలు అనుకోకూడదు. విడిగా పంచే ఇలాంటి ఫైళ్లకు మాత్రం ట్యాబ్ లేకపోతే అనుమానించాల్సిందే.) దాన్ని తీసేయించాను. పాత సిస్టమ్‌ను మళ్లీ ఆన్ చేయిస్తే బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ సెటప్ ఫోల్డర్ ఒక మూల భద్రంగా ఉంది. అది తెచ్చి అడ్మినిస్ట్రేటర్‌గా రన్ చేస్తే ఆ ఓసీఎక్స్‌తో పాటు మరికొన్ని దిగాయి. వాటి పేర్లు ఎర్రర్‌లో ఇంకా రాలేదు. ఈ పెట్టె ఒకసారికి ఒక పేరే చెబుతుంది కాబట్టి కుర్రాడు మొదటిది సరిగ్గా పెట్టి ఉన్నా, రెండోది, మూడోది వరసగా వచ్చేవి. బావ డేటా ఫోల్డర్‌ను యథాస్థానంలో పెట్టాం, ప్రింటర్ సెట్ చేశాం, బిల్లు వచ్చింది.

విడి డీఎల్‌ఎల్‌లు దింపుకోమనే సైట్ల మీద నా కోపం ఊరికే కాదు. డీఎల్‌ఎల్ అంటే ఫోటో లాంటి డేటా కాదు, నడిచే కోడ్. దాన్ని పిలిచిన ప్రోగ్రామ్‌కు ఏ హక్కులుంటే దానికీ అవే హక్కులు. అడ్మినిస్ట్రేటర్‌గా నడిచే ప్రోగ్రామ్ పిలిస్తే సిస్టమ్ మొత్తం దాని చేతిలో ఉంటుంది. 2010లో బయటపడ్డ స్టక్స్‌నెట్ చేసిన పని గుర్తుందా? ఇరాన్ అణు కేంద్రంలోని యంత్రాలను నడిపే సీమెన్స్ సాఫ్ట్‌వేర్‌లో ఒక డీఎల్‌ఎల్ పేరు మార్చి, ఆ చోట తన డీఎల్‌ఎల్‌ను పెట్టింది. మధ్యలో కూర్చుని అసలుదానికి అందాల్సిన పనులు అందిస్తూనే తనకు కావలసినవి మార్చేసింది. పేరు చూసి నమ్మే పద్ధతిలో ఉన్న బలహీనత అది. వైరస్ లేకపోయినా ఆ సైట్లలో దొరికేది ఏ వెర్షనో, ఎన్ని బిట్లదో తెలియదు. 64 బిట్ ప్రోగ్రామ్‌కు 32 బిట్ ఫైలు పెడితే ‘లేదు’ అన్న ఎర్రర్ పోయి, చివర 7బీ ఉండే కోడ్‌తో వేరే ఎర్రర్ వస్తుంది. జనం దాన్ని కొత్త సమస్య అనుకుని ఇంకో వీడియో చూస్తారు.

ఆ వీడియోల్లో తప్పక చెప్పే మందులు రెండున్నాయి. ఎస్‌ఎఫ్‌సీ స్కాన్‌నౌ కొట్టమంటారు. అది విండోస్ తన సొంత ఫైళ్లను సరిచూసుకునే కమాండ్. విజువల్ సీ ప్లస్ ప్లస్ ఫైళ్లో, గేము ఫైళ్లో దాని లెక్కలోకి రావు. అది అంతా స్కాన్ చేసి ‘ఏ లోపమూ లేదు’ అంటుంది, ఎర్రర్ అలాగే ఉంటుంది. నిజంగా విండోస్ ఫైళ్లే చెడిపోయినప్పుడు మాత్రం ముందు డిజమ్ రీస్టోర్‌హెల్త్, ఆ తర్వాత ఎస్‌ఎఫ్‌సీ నడపాలి. రెండోది రెగ్‌ఎస్‌వీఆర్32. అది బావ ఓసీఎక్స్ లాంటి, తమను తాము నమోదు చేసుకునే ఏర్పాటు లోపల ఉన్న ఫైళ్లకే. వీసీరన్‌టైమ్ మీద ప్రయోగిస్తే అలాంటి ఎంట్రీ పాయింట్ లేదని తిరగ్గొడుతుంది. క్రాక్ చేసిన గేముల్లో ఫైలు మాయమైతే ముందు విండోస్ సెక్యూరిటీలో ప్రొటెక్షన్ హిస్టరీ చూడండి, చాలాసార్లు యాంటీవైరసే తీసేసి ఉంటుంది. విండోస్ సొంత యాంటీవైరస్ డిఫెండర్‌ను ఆపేయమని చెప్పే వీడియో కనబడితే అది మూసేయండి.

ఫైలు ఉన్న చోటే ఉన్నా ‘దొరకలేదు’ అనే కేసు ఒకటుంది. పైథాన్ భాషలో ప్రోగ్రాములు రాసేవాళ్లకు బాగా అలవాటు. ‘డీఎల్‌ఎల్ లోడ్ ఫెయిల్డ్’ అని మాడ్యూల్ పేరుతో ఎర్రర్ వస్తుంది, చూస్తే ఆ ఫైలు ఫోల్డర్‌లోనే ఉంటుంది. లేనిది అది కాదు, అది పిలిచే ఇంకో డీఎల్‌ఎల్. అప్పుడు కళ్లతో వెతికితే లాభం లేదు. మైక్రోసాఫ్టే ఉచితంగా ఇచ్చే ప్రాసెస్ మానిటర్‌లో ఆ ప్రోగ్రామ్ పేరు ఫిల్టర్ పెట్టి నడిపితే ఏ ఫైలు కోసం ఏ ఫోల్డర్లన్నీ తిరిగిందో వరసగా కనబడుతుంది. ‘నేమ్ నాట్ ఫౌండ్’ లైన్లు వందలు ఉంటాయి, హడావిడి పడకండి, ఒక ఫోల్డర్‌లో లేనిది తర్వాతి ఫోల్డర్‌లో దొరికి ఉంటుంది. ఎక్కడా దొరకకుండా, ప్రోగ్రామ్ ఆగిపోయే ముందు చివరగా వెతికిన పేరు మనకు కావలసింది.

ఇంత గొడవ ఎందుకు, డిస్కు చవక కదా, ప్రతి ప్రోగ్రామూ తన లైబ్రరీలు తానే తెచ్చుకోవచ్చు కదా అని అడిగే డెవలపర్ స్నేహితులు నాకు చాలామందే ఉన్నారు. వాళ్లు చెప్పేదాంట్లో నిజం ఉంది. విండోస్ 95, 98 కాలంలో ఒక సాఫ్ట్‌వేర్ ఇన్‌స్టాల్ చేస్తే దాని సెటప్ సిస్టమ్ ఫోల్డర్‌లోని కొత్త డీఎల్‌ఎల్ మీద తన పాతదాన్ని రాసేసేది, ఇంకో సాఫ్ట్‌వేర్ చచ్చిపోయేది. డీఎల్‌ఎల్ నరకం అని దానికి పేరే పడింది. విండోస్ 2000లో సిస్టమ్ ఫైళ్లకు కాపలా పెట్టారు, ఎక్స్‌పీలో ఒకే డీఎల్‌ఎల్ వేర్వేరు వెర్షన్లు పక్కపక్కనే ఉండే ఏర్పాటు చేశారు, విస్టా నుంచి సిస్టమ్ ఫైళ్లను అడ్మినిస్ట్రేటర్ కూడా తేలిగ్గా ముట్టుకోలేకుండా చేశారు. అన్ని తిప్పలు పడి ఉమ్మడి పద్ధతినే కాపాడారు.

ఎందుకో 2004 సెప్టెంబరులో తెలిసొచ్చింది. జేపెగ్ బొమ్మలను చదివే జీడీఐప్లస్.డీఎల్‌ఎల్‌లో లోపం బయటపడింది, బొమ్మ తెరిస్తే చాలు సిస్టమ్ దొంగల చేతిలోకి పోవచ్చు. విండోస్‌లో ఉన్న కాపీని అప్‌డేట్‌తో బాగుచేశారు. కానీ ఆఫీస్ నుంచి బయటి కంపెనీల సాఫ్ట్‌వేర్ల దాకా ఎన్నో తమ ఫోల్డర్లలో సొంత కాపీలు పెట్టుకుని ఉన్నాయి. అవి ఎక్కడెక్కడున్నాయో వెతకడానికి మైక్రోసాఫ్ట్ ప్రత్యేకంగా ఒక టూల్ విడుదల చేయాల్సి వచ్చింది. 2023 సెప్టెంబరులో, వెబ్‌పీ రకం బొమ్మలను చదివే లిబ్‌వెబ్‌పీ లైబ్రరీ విషయంలో మళ్లీ అదే కథ. క్రోమ్ అప్‌డేట్ ఇచ్చింది, ఫైర్‌ఫాక్స్ ఇచ్చింది, లోపల క్రోమ్ ఇంజిన్‌నే పెట్టుకుని తిరిగే ఎలక్ట్రాన్ యాప్‌లన్నీ దేనికది అప్‌డేట్ ఇవ్వాల్సి వచ్చింది. లైనక్స్‌లో ఉమ్మడి లిబ్‌వెబ్‌పీని వాడుకునే ప్రోగ్రాములకు ఒక్క ప్యాకేజీ మారిస్తే సరిపోయింది. అప్‌డేట్ ఇచ్చే కంపెనీ మూతపడితే దాని సొంత కాపీలోని కంత అలాగే ఉండిపోతుంది. నా ఓటు ఉమ్మడికే.

లైనక్స్ పేరు ఎత్తాను కాబట్టి చెప్పాలి, ‘ఎవరిది’ అన్న ప్రశ్నకు అక్కడ జవాబు సిద్ధంగా ఉంటుంది. ఏ ఫైలు ఏ ప్యాకేజీదో ప్యాకేజీ మేనేజర్‌కు తెలుసు. ఉబుంటులో ఏపీటీ-ఫైల్ అనే టూల్‌కు లేని ఫైలు పేరు ఇస్తే దాని ప్యాకేజీ పేరు చెబుతుంది. ఎల్‌డీడీ కొడితే ప్రోగ్రామ్‌కు కావలసిన లైబ్రరీల వరుస వచ్చి, లేనిదాని ఎదురుగా ‘నాట్ ఫౌండ్’ అని ఉంటుంది (నమ్మకం లేని ఫైలు మీద ఎల్‌డీడీ నడపకండి, కొన్ని సందర్భాల్లో ఆ ఫైలునే నడిపేస్తుంది). అయినా అక్కడివాళ్లూ అడ్డదారి తొక్కుతారు. 2022 ఏప్రిల్‌లో వచ్చిన ఉబుంటు 22.04, నెట్ సమాచారాన్ని రహస్యంగా ఉంచే ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ లైబ్రరీలో 3వ వెర్షన్‌కు మారింది. పాత ఉబుంటు కోసం కట్టిన ప్రోగ్రాములు దాని పాత వెర్షన్ ఫైలు లిబ్‌ఎస్‌ఎస్‌ఎల్.ఎస్‌ఓ.1.1 లేదని ఆగిపోయాయి. వెంటనే కొందరు కొత్త ఫైలుకు పాత పేరుతో లింకు పెట్టి చూశారు. లోపలి వెర్షన్ గుర్తులు సరిపోక మళ్లీ ఆగింది. పేరు చివర ఉన్న ఆ అంకె ‘పాతదానికీ నాకూ పొసగదు’ అని చెప్పడానికే ఉంది. ఆ ప్రోగ్రామ్‌కు 22.04 కోసం కట్టిన వెర్షన్ తెచ్చుకోవడమే సరైన దారి.

వాడేవాళ్లను ఇంతసేపు సతాయించాను గానీ, నన్నడిగితే అసలు దోషం అమ్మేవాళ్లదే. ఈఎక్స్‌ఈ ఫోల్డర్‌ను జిప్ చేసి వాట్సాప్‌లో పంపి, ఎర్రర్ వస్తే “మా సిస్టమ్‌లో బాగానే వస్తోంది సార్” అనేవాళ్లను చాలామందిని చూశాను. వాళ్ల సిస్టమ్‌లో ఎర్రర్ రాదు మరి, విజువల్ స్టూడియోతో పాటు అన్ని రన్‌టైమ్‌లూ అక్కడ దిగి కూర్చున్నాయి. విండోస్ ప్రో ఎడిషన్లలో 2019 నుంచి శాండ్‌బాక్స్ ఉంది. ప్రతిసారీ అప్పుడే కొన్నంత ఖాళీ విండోస్ తెరుచుకుంటుంది. సెటప్‌ను పంపేముందు అందులో ఒకసారి నడిపితే కస్టమర్‌కు రాబోయే ఎర్రర్ తమకే ముందు వస్తుంది. రీడిస్ట్రిబ్యూటబుల్ ప్యాకేజీకి ఆ పేరు పెట్టిందే తమ సెటప్‌తో కలిపి పంచమని. అంత పని చేయనివాళ్లు ఏటా ఏఎంసీ (సంవత్సరం మెయింటెనెన్స్) పేరుతో డబ్బులు మాత్రం మరిచిపోకుండా అడుగుతారు.

విండోస్ 10కు మామూలు సపోర్ట్ 2025 అక్టోబరు 14తో అయిపోయింది, కొట్లలో సిస్టమ్‌లు మారుతున్నాయి, నాకు ఫోన్లూ పెరిగాయి. పాతదాన్ని ఎక్స్ఛేంజ్‌కు ఇచ్చేముందు కంట్రోల్ ప్యానెల్‌లో ప్రోగ్రామ్స్ లిస్టు తెరిచి విజువల్ సీ ప్లస్ ప్లస్ ఎంట్రీలు ఏయే సంవత్సరాలవి ఉన్నాయో ఫోన్‌తో ఫోటో తీసుకోండి. అవన్నీ కొత్తదాంట్లో ఎక్స్86 (32 బిట్), ఎక్స్64 (64 బిట్) రెండూ వేయండి. 64 బిట్ సిస్టమ్ కదా అని ఎక్స్86 వదిలేస్తే 32 బిట్ ప్రోగ్రాములు మళ్లీ అదే పెట్టె చూపిస్తాయి. సాఫ్ట్‌వేర్ సెటప్, లైసెన్స్ కీ, డేటా ఫోల్డర్ మూడింటినీ వేరువేరుగా కాపీ చేసి పెట్టుకోండి. విండోస్‌కు ముందటి డాస్ కాలం నాటి డేటాబేస్ ప్రోగ్రామ్ ఫాక్స్‌ప్రోలో లెక్కలు రాసుకునేవాళ్లకు మాత్రం ఏ డీఎల్‌ఎల్ తెచ్చినా పని జరగదు. విండోస్ 11కు 32 బిట్ ఎడిషనే లేదు, 64 బిట్ విండోస్ 16 బిట్ ప్రోగ్రాములను అసలు నడపదు. డాస్‌ను అనుకరించే డాస్‌బాక్స్‌లో వస్తుందేమో చూడొచ్చు, ప్రింటింగ్ దగ్గర ఇబ్బంది పెడుతుంది. అలాంటివాళ్లకు పాత సిస్టమ్‌ను నెట్ కేబుల్ తీసేసి పాత లెడ్జర్లు చూసుకోవడానికి ఉంచుకోమని, కొత్త ఆర్థిక సంవత్సరం నుంచి వేరే సాఫ్ట్‌వేర్‌లోకి మారమని చెబుతున్నాను.